వాయిదాకు వెళ్లలేదు, కేసు పోయినట్టేనా?

పాఠకుల సందేహాలకు బెంగళూరు ఫ్యామిలీ కోర్టులో ప్రాక్టీసు చేస్తున్న న్యాయవాది సమాధానాలు

ప్రశ్న: మేడమ్, మాది నంద్యాల. పెళ్లయ్యాక బెంగళూరు వచ్చాం. ఇప్పుడు మారతహళ్లిలో మా అమ్మతో, ఆరేళ్ల పాపతో ఉంటున్నాను. మా ఆయన కొట్టడం, నా జీతం లాక్కోవడం భరించలేక 2022లో విడాకులకు కేసు వేశాను. కేసు తేలే దాకా నెలకు 12,000 రూపాయలు మధ్యంతర భరణం ఇవ్వమని ఆర్డరు వచ్చింది. కొన్ని నెలలు ఇచ్చి మానేశారు. నా క్రాస్ ఎగ్జామినేషన్ (ఎదుటి లాయరు నన్ను ప్రశ్నించడం) ఉన్న రోజునే పాపకు డెంగీ ముదిరి, ప్లేట్‌లెట్లు పడిపోయి ఆస్పత్రిలో చేర్చాం. తెల్లవారుజామునే మా లాయరుగారికి వాట్సాప్‌లో చెప్పాను. ‘నేను చూసుకుంటాను’ అన్నారు. తర్వాత ఎప్పుడు అడిగినా ‘వాయిదా పడింది’ అనేవారు. ఐదు వారాల తర్వాత మా తమ్ముడు ఫోనులో వెతికి, కేసు డిస్మిస్ అయిందని చెప్పాడు. లాయరుగారేమో ‘ఏం ఫర్వాలేదు, కొత్తగా వేద్దాం, ఫీజు తగ్గిస్తాను’ అంటున్నారు. ‘కోర్టే నీది తప్పని తేల్చింది’ అని మా ఆయన బంధువులందరికీ చెబుతున్నారు. ‘దేవుడే ఆపాడేమో, సర్దుకుపో’ అంటోంది మా అమ్మ. ఆర్డరు షీటు ఫొటో జతచేశాను. ఏం చేయమంటారు?
– పేరు వద్దు, మారతహళ్లి

జవాబు: ఇంత ఉత్తరంలో పాప ఇప్పుడెలా ఉందో మాత్రం రాయలేదు మీరు. తేరుకుందనే అనుకుంటాను.

మీ ఉత్తరం చూసిన రోజే మీరిచ్చిన నంబరుకు ఫోను చేసి ముఖ్యమైన సంగతి చెప్పాను. పత్రిక అచ్చయ్యే దాకా ఆగితే మీకే నష్టం. ఇక్కడ రాస్తున్నది మీలా చిక్కుకున్న మిగతావారి కోసం. మీ అమ్మగారి కోసం కూడా.

ముందు మీ ఆయన మాట సంగతి తేల్చేద్దాం. మీరు పంపిన ఆర్డరు షీటులో ఉన్నదంతా ఇంతే: పిటిషనరును పిలిచారు, రాలేదు, ఆమె న్యాయవాది కూడా లేరు, ప్రతివాది తరఫు న్యాయవాది హాజరు, కేసు నడపనందున కొట్టివేయడమైనది. ఇందులో తప్పు ఎవరిదన్న మాట ఎక్కడుంది? కొట్టారా లేదా, జీతం లాక్కున్నారా లేదా అన్నవాటి జోలికి జడ్జి వెళ్లనే లేదు. మీ సాక్ష్యం సగంలో ఉండగా ఫైలు మూసేశారు, అంతే. బంధువుల్లో ఎవరైనా అడిగితే ఆ షీటు చూపించండి. కన్నడం చదవగలిగిన వాళ్లు బెంగళూరులో కావలసినంత మంది ఉన్నారు.

ఒక్క రోజు రాకపోతేనే కొట్టేస్తారా అని మీకు అనిపించి ఉంటుంది. హెచ్. సిద్ధయ్య రోడ్డులోని న్యాయదేగుల భవనంలో ఒక ఉదయం నిలబడి చూస్తే ఈ పని ఎలా జరుగుతుందో అర్థమవుతుంది. కోర్టు హాలు బయట ఆ రోజు కేసుల జాబితా అంటించి ఉంటుంది. అటెండరు గుమ్మంలోకి వచ్చి పేర్లు పిలుస్తాడు. మన ఇంటిపేర్లు కన్నడ నోట ఎన్ని అవతారాలు ఎత్తుతాయో వింటే నవ్వొస్తుంది. ఆ సందట్లో తన పేరే పిలిచారని గ్రహించక వరండాలో కూర్చుండిపోయిన వాళ్లను చూశాను. పిలిస్తే ఎవరూ పలకకపోయినా చాలామంది జడ్జీలు వెంటనే కొట్టివేయరు. పక్కన పెట్టి, జాబితా చివర మళ్లీ పిలిపిస్తారు. ఆ రెండో పిలుపుకు మీ లాయరు తరఫున ఒక జూనియరు నిలబడి, పాప ఆస్పత్రిలో ఉంది, ఒక వాయిదా ఇప్పించండి అని ఉంటే సరిపోయేది. మహా అయితే వందో రెండు వందలో ఖర్చులు కట్టమనేవారు. అది జరగలేదు. పైగా మీ షీటులో అంతకుముందు మూడు వాయిదాలు మన తరఫునే అడిగినట్టుంది. జడ్జి ఓపిక అక్కడ అయిపోయింది.

ఆ పాత వాయిదాల గురించి మీరు భయపడనక్కరలేదు. కోర్టు చూడవలసింది కేసు కొట్టేసిన ఆ రోజు మీరు ఎందుకు రాలేదన్నదే. అంతకుముందు ఎన్నడో రాకపోవడాన్ని తవ్వి ఇప్పుడు శిక్షించకూడదని సుప్రీంకోర్టు 2000లో చెప్పింది. ఎక్స్‌పార్టీ డిక్రీ, అంటే ప్రతివాది రాకుండానే ఇచ్చిన తీర్పు, రద్దు విషయంలో వచ్చిన తీర్పు అది. రెండు చోట్లా అడిగేది తగిన కారణమే కాబట్టి మీకూ పనికొస్తుంది. ఆ రోజు మీ కారణం గట్టిది. దాన్ని పాడు చేసుకోకుండా కోర్టు ముందు పెట్టడమే ఇప్పుడు మీ పని.

ఇక మీ లాయరుగారి ‘కొత్తగా వేద్దాం’. ఈ సలహాకు ఒప్పుకోకండి.

ఫ్యామిలీ కోర్టుల చట్టం, 1984 ప్రకారం ఈ కోర్టులు నడిచేది సివిల్ ప్రొసీజర్ కోడ్ పద్ధతిలోనే. గైర్హాజరు గురించి అందులో తొమ్మిదో ఆర్డరు ఉంది (ఇక్కడ ఆర్డరు అంటే ఆ కోడ్‌లోని ఒక అధ్యాయం). పిలిచినప్పుడు రెండు పక్షాలూ లేకపోతే 3వ రూలు కింద కొట్టేస్తారు. అప్పుడు కొత్తగా వేసుకోవచ్చు, లేదా పాతదాన్నే తిరిగి తెరవమని అడగవచ్చు. ఏది కావాలో మన ఇష్టం. అవతలి పక్షం వచ్చి మనం రాకపోతే అది 8వ రూలు. అప్పుడు 9వ రూలు అడ్డం వస్తుంది: అదే కారణం మీద మళ్లీ కేసు వేయడానికి వీల్లేదు, తగిన కారణం చూపించి పాత కేసునే తెరిపించుకోవాలి. మీ షీటులో ‘ప్రతివాది తరఫు న్యాయవాది హాజరు’ అన్న మూడు నాలుగు మాటలున్నాయి చూశారా, మీ దారి మార్చేసింది అవే. 2022కు ముందు జరిగిన కొట్లాటల మీదే కొత్త పిటిషన్ వేస్తే, మీ ఆయన లాయరు కౌంటరు (జవాబు పత్రం) మొదటి పేరాలోనే ఈ అభ్యంతరం రాస్తాడు. నేనైనా రాస్తాను. డిస్మిస్ అయ్యాక కొత్తగా ఏదైనా హింస జరిగితే దాని మీద వేరే కేసు వేసుకోవచ్చు గానీ, దానికోసం ఎవరూ ఎదురుచూడరు కదా.

అభ్యంతరం సంగతి అటుంచినా, కొత్త కేసంటే సమన్లు, కౌన్సెలింగు, కౌంటరు, మీ సాక్ష్యాన్ని రాతలో ఇచ్చే చీఫ్ అఫిడవిట్, కాగితాలను సాక్ష్యంగా నమోదు చేయించి మార్కులు వేయించుకోవడం, అన్నీ మొదటి నుంచి. ఇన్నేళ్లు నడిచి వచ్చిన దూరమంతా పోతుంది. భరణం లెక్క మొదలయ్యే తేదీ కూడా ఆలస్యమవుతుంది. భరణాన్ని దరఖాస్తు పెట్టిన తేదీ నుంచి ఇవ్వాలని సుప్రీంకోర్టు 2020 నవంబరు 4న స్పష్టంగా చెప్పింది. మీ దరఖాస్తు 2022ది. కొత్తగా వేస్తే లెక్క ఇవాళ్టి నుంచి మొదలవుతుంది. ఆ తేడాను 12,000తో హెచ్చవేసి చూడండి, లాయరుగారు తగ్గిస్తానన్న ఫీజు ఏమంత పెద్దది కాదని తెలుస్తుంది.

గడువు 30 రోజులు. కొట్టేసిన తేదీ నుంచి లెక్క. మీకు తెలిసిన తేదీ నుంచి కాదు. ఐదు వారాలకు తెలిసింది కాబట్టి మీకు గడువు దాటిపోయింది. అందుకే తిరిగి తెరవమనే అర్జీతో పాటు, లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద జాప్యాన్ని మన్నించమని ఇంకో అర్జీ కూడా పెట్టాలి. రోజు రోజుకూ లెక్క చెప్పాలని ఎదుటి లాయరు వాదిస్తాడు. చెప్పండి, కానీ హడలిపోకండి. ప్రతి రోజు ఆలస్యానికీ సంజాయిషీ అంటే, ప్రతి గంటకూ ప్రతి క్షణానికీ ఎందుకు అడగకూడదని సుప్రీంకోర్టు 1987లోనే ఎద్దేవా చేసింది, ఇంగితంతో చూడమంది. అలాగని నెలల తరబడి కూర్చుంటే ఆ తీర్పు మిమ్మల్ని మోయదు. తెలిసిన తర్వాత ఎంత త్వరగా కదిలారన్నది జడ్జి కంటికి మొదట కనబడుతుంది.

అఫిడవిట్ ఎలా ఉండాలో చెబుతాను, ఎందుకంటే ఎక్కువ అర్జీలు చెడేది అక్కడే. నా దగ్గరకు వచ్చే పాత ఫైళ్లలో సగానికి సగం ‘వైరల్ జ్వరం వల్ల రాలేకపోయాను’ అని ఉంటాయి. దానికి తోడు వీధి చివరి క్లినిక్కు నుంచి ఒక సర్టిఫికెట్. పేరు, తేదీ తప్ప అన్నీ ముందే అచ్చయి ఉంటాయి. జడ్జీలు వాటిని రోజూ చూస్తారు. ఆ డాక్టరును సాక్షిగా పిలవమని ఎదుటివారు అడిగితే మీ ముఖం ఎక్కడ పెట్టుకుంటారు? మీకు ఆ అవసరమే లేదు. జ్వరం పాపకు వచ్చింది, పాపకనే రాయండి. తల్లికి జ్వరమైతే గట్టి కారణం, బిడ్డకైతే కాదని ఏ చట్టమూ అనలేదు. ఆస్పత్రి డిశ్చార్జి సమ్మరీ, ఆ రెండు మూడు రోజుల ప్లేట్‌లెట్ల రిపోర్టులు, బిల్లు, ఇవి చాలు. తెల్లవారుజామున లాయరుకు పంపిన వాట్సాప్ మెసేజ్ వీటన్నిటి కన్నా విలువైనది. వేళతో సహా కనబడేలా ప్రింటు తీయించి, భారతీయ సాక్ష్య అధినియమం 63వ సెక్షన్ ప్రకారం ఇవ్వవలసిన ధ్రువపత్రం జతచేయించండి. ఆ ఫోను మార్చకండి, మెసేజ్‌లు తుడిచేయకండి.

అఫిడవిట్‌లో లాయరును ఎంతవరకు నిందించాలి? మీ కోపం నాకర్థమవుతుంది. అయినా తగ్గించే రాయండి. లాయరు చేసిన తప్పుకు అమాయకుడైన కక్షిదారు బలి కాకూడదని సుప్రీంకోర్టు 1981లో అంది. అందరూ ఆ తీర్పునే పట్టుకుని వస్తున్నారు కాబట్టి, నెపమంతా లాయరు మీద వేసి చేతులు దులుపుకుంటే కుదరదని, తన కేసు ఏమవుతోందో కక్షిదారు కూడా చూసుకోవాలని 2024లో అదే కోర్టు అంది. రెండూ నిజమే. మీరు చెప్పవలసింది జరిగింది జరిగినట్టు: ఫలానా వేళకు తెలియజేశాను, ఫలానా తేదీల్లో అడిగాను, వాయిదా పడిందన్నారు, ఫలానా రోజున తెలిసింది, ఆ వారంలోనే కాపీకి అర్జీ పెట్టాను. విశేషణాలు వద్దు. ఆయన మీద బార్ కౌన్సిల్‌కు ఫిర్యాదు చేయాలనుకుంటే అది వేరే రోజు, వేరే కాగితం.

లాయరును మార్చుకోవాలంటే పాత లాయరు దగ్గర అభ్యంతరం లేదన్న సంతకం తీసుకోవడం పద్ధతి. ఇవ్వనంటే కోర్టు అనుమతితో మార్చుకోవచ్చు. ఫీజు బాకీ ఉందని ఫైలు ఆపే హక్కు ఆయనకు లేదు. ఈ మాట కూడా సుప్రీంకోర్టు 2000లో తేల్చింది. కొత్త లాయరుకు డబ్బు లేదంటారా, మీరు ఆడవారు కాబట్టి ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయానికి అర్హులు. న్యాయసేవల సంస్థ కార్యాలయం ఆ న్యాయదేగుల భవనంలోనే ఉంది. ఫోనులో అడగాలంటే 15100. ఉచితం అంటే నాసిరకం అనుకోకండి. ఆ పట్టికలో ఉన్న కొందరు ఫీజు లాయర్ల కన్నా బాగా చదువుకుని వస్తారు.

అర్జీ వేశాక వెంటనే కేసు తెరుస్తారని ఆశపడకండి. అవతలి వారికి నోటీసు అందకుండా 9వ రూలు కింద ఆర్డరు ఇవ్వకూడదు. మీ ఆయన నోటీసు తీసుకోకుండా తిప్పించవచ్చు, తీసుకుని కౌంటరు వేయవచ్చు. ‘ఆమెకు కేసు నడపాలని లేదు, నన్ను వేధించడానికే’ అని రాస్తారు. ఇది దాదాపు ప్రతి కౌంటరులోనూ ఉండే వాక్యం. తెరిచేటప్పుడు జడ్జి ఖర్చులు కట్టమంటే ఆ పూటే కట్టేసి రసీదు ఫైలులో పెట్టించండి. ఖర్చులు కట్టక మళ్లీ కొట్టేయించుకున్న వారూ ఉన్నారు. అర్జీ తోసిపుచ్చితే హైకోర్టుకు వెళ్లే దారి ఉంది. అంతదాకా వెళ్లవలసి వస్తుందని మీ కాగితాలు చూస్తే నాకు అనిపించడం లేదు.

మధ్యంతర భరణం గురించి మీరు అడగలేదు కానీ అడగవలసింది అదే. ప్రధాన కేసు లేనప్పుడు దాని నీడలో వచ్చిన నెలవారీ ఆర్డరు ముందుకు నడవదు. కేసు తిరిగి తెరుచుకుంటే, కోర్టు ప్రత్యేకంగా వద్దనకపోతే, అందులోని మధ్యంతర ఆర్డర్లు కూడా మళ్లీ ప్రాణం పోసుకుంటాయి. ఇది 2004 నాటి సుప్రీంకోర్టు మాట. అయినా నమ్మకం మీద వదలకుండా, ‘మధ్యంతర భరణం ఆర్డరు కూడా కొనసాగుతుంది’ అన్న వాక్యం తెరిచే ఆర్డరులో రాయించమని మీ లాయరుకు చెప్పండి. కొట్టేసిన తేదీ వరకు ఆయన ఎగవేసిన బకాయిల పట్టిక నెలవారీగా ఇప్పుడే వేసి, బ్యాంకు పాస్‌బుక్కు ప్రతులతో ఉంచుకోండి.

మీ అమ్మగారికి ఒక మాట. అమ్మా, రాజీ చేసుకోవడం తప్పు కాదు. రాజీకి ప్రయత్నించడం ఫ్యామిలీ కోర్టు విధి అని ఫ్యామిలీ కోర్టుల చట్టంలోనే, 9వ సెక్షన్‌లో, రాసి ఉంది. కేసు తెరుచుకున్నాక కూడా మీ అమ్మాయి రాజీకి కూర్చోవచ్చు. అప్పుడు ఆమె చేతిలో ఒక బతికున్న కేసు, భరణం ఆర్డరు ఉంటాయి. ఇప్పుడు కూర్చుంటే ఏముంటుంది? దోమ కుట్టినందుకు వచ్చిన జ్వరాన్ని దేవుడి తీర్పు అనుకోకండి.

ప్రశ్న: నా భార్య మూడేళ్ల కింద విడాకుల కేసు వేసింది. తర్వాత కోర్టుకు రావడం మానేసింది. కేసు కొట్టేశారు. మేము విడిగా ఉండి ఐదేళ్లు దాటింది. ఇక మాకు సంబంధం లేనట్టే కదా? ఇంట్లో వాళ్లు కడప వైపు సంబంధం చూస్తున్నారు. నిశ్చితార్థం పెట్టుకోవచ్చా?
– ఒక పాఠకుడు, ఎలక్ట్రానిక్ సిటీ

జవాబు: ఆపండి, తాంబూలాలు పంచకముందే ఆపండి.

కొట్టేసింది విడాకుల పిటిషన్‌ను. అంటే విడాకులు రాలేదు. మీ పెళ్లి నిన్న ఎలా ఉందో ఇవాళా అలాగే ఉంది. ఎన్నేళ్లు విడిగా ఉన్నా పెళ్లి దానంతట అది రద్దు కాదు. ఈ స్థితిలో చేసుకునే రెండో పెళ్లి హిందూ వివాహ చట్టం 11వ సెక్షన్ ప్రకారం చెల్లదు. భారతీయ న్యాయ సంహిత 82వ సెక్షన్ ప్రకారం నేరం, ఏడేళ్ల వరకు జైలు. కడప అమ్మాయికి ఈ సంగతి చెప్పారా? దాచిపెట్టి చేసుకుంటే శిక్ష పదేళ్ల వరకు పెరుగుతుంది.

మీకు విడాకులే కావాలంటే అడగవలసింది మీరు. ఆమె కేసులో మీరు కౌంటరు వేసినప్పుడు మీ తరఫున కూడా విడాకులు కోరారా? అలా కోరి ఉంటే ఆమె పిటిషన్ కొట్టేసినా మీ కోరిక మీద విచారణ నడవాలి. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఎనిమిదో ఆర్డరు 6డి రూలు చెప్పేది అదే. ఫైలు తీసి చూపించుకోండి. కోరకపోతే మీరే పిటిషన్ వేయాలి. రెండేళ్లకు పైగా వదిలి వెళ్లడం ఒక కారణమే, కానీ ఎవరు ఎవరిని వదిలారన్నది రుజువు కావాలి. ఆమెకూ ఇష్టమైతే పరస్పర అంగీకారం సులువు. ఆమె కోర్టుకు రావడం మానేసిందంటే విసిగిపోయి ఉండవచ్చు. ఎవరైనా పెద్దమనిషితో అడిగించి చూడండి. పరస్పర అంగీకారంలో రెండోసారి కూడా ఇద్దరూ రావాలి, అప్పుడు మానేస్తే డిక్రీ రాదు. డిక్రీ వచ్చాక కూడా అప్పీలు గడువు ముగిసే దాకా పెళ్లి మాట ఎత్తకండి.

ప్రశ్న: మా అమ్మాయి బెంగళూరులో ఉన్నప్పుడు భర్త మీద విడాకులకు, భరణానికి రెండు కేసులు వేసింది. ఇప్పుడు ఉద్యోగం హైదరాబాదుకు మారింది. ప్రతి వాయిదాకు సెలవు పెట్టి రావడం కుదరడం లేదు. నేను రిటైరయిన ఉపాధ్యాయుణ్ణి, హిందూపురం నుంచి ప్రతిసారీ నేనే వచ్చి కోర్టులో నిలబడుతున్నాను. నేను వస్తున్నాను కాబట్టి కేసు కొట్టేయరు కదా? కేసును హైదరాబాదుకు మార్చుకోవచ్చా?
– ఒక తండ్రి, హిందూపురం

జవాబు: మాస్టారూ, మీ ఓపికకు నమస్కారం. కానీ మీరు నిలబడటం ఆమె హాజరు కింద లెక్కకు రాదు. పిటిషనరు మీరు కాదు. జడ్జిగారు మిమ్మల్ని చూసి జాలిపడి ఒకటి రెండుసార్లు వాయిదా ఇచ్చి ఉంటారు. దాన్ని నమ్ముకోకండి.

హాజరు అంటే ఆమె స్వయంగా రావాలి, లేదా ఆమె తరఫున లాయరు పలకాలి. ఫ్యామిలీ కోర్టులో లాయరును పెట్టుకోవడం హక్కుగా రాదు. ఫ్యామిలీ కోర్టుల చట్టం 13వ సెక్షన్ కింద కోర్టు అనుమతి కావాలి. బెంగళూరులో ఆ అర్జీ మామూలుగానే వేస్తారు, అనుమతి ఇస్తారు. మీ ఫైలులో అది ఉందో లేదో చూడండి. అది ఉండి, లాయరు సమయానికి పలుకుతూ ఉంటే నోటీసులు, కౌంటరు, వాదనలు వంటి చాలా వాయిదాలకు అమ్మాయి రానక్కరలేదు. కౌన్సెలింగుకు, మధ్యవర్తిత్వానికి, ఆమె సాక్ష్యానికి, క్రాస్‌కు మాత్రం ఆమే ఉండాలి. ఆ రోజుల్లో రాకపోతేనే అసలు ప్రమాదం. వీడియో ద్వారా హాజరవడానికి అనుమతి అడగవచ్చు. ముందుగా అర్జీ పెట్టి, కారణం చెప్పి, ఆర్డరు చేతికి వచ్చాకే రావడం మానాలి. వాయిదా రోజు ఉదయం లాయరుకు ఫోను చేసి ‘వీడియోలో పెట్టించండి’ అంటే కుదరదు.

హైదరాబాదుకు మార్చడం గురించి. కర్ణాటక నుంచి తెలంగాణకు కేసు బదిలీ చేసే అధికారం సుప్రీంకోర్టుకే ఉంది, సివిల్ ప్రొసీజర్ కోడ్ 25వ సెక్షన్ కింద. పెళ్లి కేసుల్లో సాధారణంగా భార్య సౌకర్యం చూడాలని సుప్రీంకోర్టు 2022లో కూడా చెప్పింది. కానీ ఆ తీర్పుల్లో ఎక్కువ భాగం భర్త ఎక్కడో వేసిన కేసును భార్య తన ఊరికి తెచ్చుకునేవి. మీ అమ్మాయి తానే బెంగళూరును ఎంచుకుంది. అడగకూడదని కాదు, ఢిల్లీ ఖర్చు పెట్టుకునే ముందు ఇది తెలిసి ఉండాలని.

ఇంకో దారి ఉంది. విడాకుల కేసును ఇక్కడ ఉపసంహరించుకుని, భార్య తానున్న చోటే వేసుకోవచ్చని 2003లో వచ్చిన సవరణను వాడుకుని హైదరాబాదులో వేయవచ్చు. అయితే ఉపసంహరణ అర్జీలో ‘కొత్తగా వేసుకునే స్వేచ్ఛతో’ అని అడిగి, ఆర్డరులో ఆ మాట రాయించుకోవాలి. అది లేకుండా వెనక్కు తీసుకుంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డరు ప్రకారం అదే కారణం మీద మళ్లీ వేయలేరు. ఎలాగూ హైదరాబాదులో వేస్తాం కదా అని ఇక్కడి వాయిదాలకు వెళ్లడం మానేస్తే ఇంకా చెడ్డది. పై జవాబులో మారతహళ్లి అమ్మాయికి చెప్పిన 9వ రూలు మీ మీదా పడుతుంది.

భరణం కేసు మాత్రం కదిలించకండి. గైర్హాజరు వల్ల అది పోయినా కొత్తగా వేయడానికి పెద్ద అడ్డంకి ఉండదు, భరణం హక్కు నెలనెలా పుట్టేది కాబట్టి. కానీ దరఖాస్తు తేదీ నుంచి రావలసిన డబ్బంతా పోతుంది. ఎన్నేళ్ల నాటి దరఖాస్తో చూసుకుంటే మీకే తెలుస్తుంది.

మీరు కోర్టు దాకా రానక్కరలేకుండా చేసుకోగలిగిన పని ఒకటుంది. కేసు కాగితాల మీద 16 అక్షరాల సీఎన్‌ఆర్ నంబరు (కేసు గుర్తింపు సంఖ్య) ఉంటుంది. ఈకోర్ట్స్ యాప్‌లో దాన్ని కొడితే తర్వాతి తేదీ, అది ఏ పనికో కనబడుతుంది. లాయరు చెప్పిన తేదీని ప్రతిసారీ దానితో సరిచూసుకోండి. లాయరును అవమానించినట్టేమీ కాదు, మా ఆఫీసులో మేమూ రాత్రి పూట చేసేది అదే. తర్వాతి తేదీ ఎదురుగా సాక్ష్యం అని గానీ క్రాస్ అని గానీ ఉంటే అమ్మాయిని కాచిగూడలో రైలెక్కమనండి. లేకపోతే సెలవు దాచుకోమనండి.